నీ స్టూడియోలో కనబడని ఫైలు

బావా,

రేపు నీ సంవత్సరీకం. తిరుత్తణి కొండ మీద మొక్కు తీర్చుకుని గుండ్లతో దిగి వచ్చే పిల్లలకు నువ్వు ఫొటోలు తీసిన స్టూడియోలోనే కూర్చుని రాస్తున్నా. నువ్వు చదవవని తెలుసు. బతికున్నప్పుడు మాత్రం నా మాట విన్నావా ఏం!

పొద్దున కంప్యూటర్లో జాగా లేదని పాత ఆట ఒకటి తీసేశా. దాంతోపాటు ఏదో ఫైలు పోయింది. నీ ఫొటోల ప్రోగ్రాం తెరిస్తే ‘ఫైలు కనబడలేదు’ అంది. ఎదురు సెల్ షాపాయన్ను అడిగా.

“వరస ఇండ్లకంతా ఒకటే రుబ్బురోలు ఉన్నట్టు అన్నా, ఆ ఫైలు ఆటకీ ఈ ప్రోగ్రాముకీ పొత్తు. సీడీ పెట్టి ప్రోగ్రామే మళ్లా ఎక్కించు,” అన్నాడు.

నీ పెట్టెల్లో సీడీ వెతికే ఓపిక నాకెక్కడిది? అదే పేరున్న ఫైలును నెట్‌లో ఎవడో ఊరికే ఇస్తుంటే దించి పెట్టా. ప్రోగ్రాం తెరుచుకుంది. వెనక నిలబడి చూస్తున్న అక్కవైపు తిరిగా.

“సూస్తివా అక్కా, నీ మొగుడికంటే నేనే మేలు!”

“సాల్లే. ఆయన ఫొటో బయటికి తీయరా. దీంట్లో తప్ప ఇంగ యాడా లేదు కదా, రేపటికి ఫ్రేము కట్టించాల,” అంది అక్క.

నీ ఫొటో మీద నొక్కితే తెరుచుకోలేదు. పక్కనున్న గుండు పిల్లలు ఒక్కొక్కరే తెల్ల కాగితాలైపోతున్నారు. ఫైళ్ల పేర్ల చివర తెలియని అక్షరాలు చేరుతున్నాయి. నా చెయ్యి మౌసు మీద లేదు. నేను దించిన ఫైల్లోనే వైరస్సు ఉందని తట్టి ప్లగ్గు పీకేశా.

“ఏందిరా, కరెంటు పోయినాదా?”

“ఆమా అక్కా, పోయినాది,” అన్నా.

పైన ఫ్యాను తిరుగుతూనే ఉంది బావా. అక్క దాన్నే చూస్తోంది.